గైడు చెప్పని కొండ

మా పడమటి కర్నూలు వైపు మనుషులు బస్సెక్కి దూరం పోతున్నారంటే రెండే కారణాలు. ఒకటి సుగ్గి, రెండోది ఆస్పత్రి. కోసిగి, మంత్రాలయం, ఆదోని, ఎమ్మిగనూరు చుట్టుపక్కల పల్లెల్లో వానలు ఎగ్గొట్టిన యేడు ఇండ్లకు తాళాలేసి, ముసలోళ్ళను కాపలా పెట్టి, పిల్లల్ని బడి మాన్పించి గుంటూరు మిరపచేలకు పోతారు. దాన్నే సుగ్గికి పోవడం అంటాం. ఆస్పత్రి సంగతి చెప్పేదేముంది, కర్నూలు పెద్దాస్పత్రి, అదీ దాటితే హైదరాబాదు. ఊరికే చూసేదానికని డబ్బులు కట్టి బస్సెక్కడం మా నాయన ఎరగడు, మా తాత ఎరగడు.

నేను బడిపంతులును. నెలకింత అని జీతమొస్తుంది కాబట్టి మా ఇంట్లో ఆ సరదా నాతోనే మొదలైంది. 2019 సంక్రాంతి సెలవుల్లో అమ్మనూ మా ఇంటామెనూ తీసుకొని విశాఖపట్నం పోయినాను. ఆదోనిలో రైలెక్కి, గుంతకల్లులో మారి, సరిగా నిద్రలేని ఒక రాత్రి దాటి అక్కడ దిగినాం. విశాఖ నుంచి భీమిలి దాకా సముద్రం ఒడ్డునే తిప్పి, సాయంత్రానికి మళ్ళీ తెచ్చి దింపే టూరు బస్సులో మూడు టికెట్లు తీసుకున్నాను. అమ్మకు అప్పటికే డెబ్బై దాటినాయి. సముద్రం చూడాలని ఆమె ఎన్నడూ నోరు తెరిచి అడగలేదు. అడగడం అలవాటు లేని మనిషి.

ఆదోనోళ్ళకు సముద్రం అంటే హజ్జే. ఊరు బొంబాయి-మద్రాసు రైలు దారి మీద ఉంది. 1995 దాకా బొంబాయి నుంచి జెద్దాకు హాజీల ఓడ పోయేది. ఎవరైనా హజ్‌కు బయల్దేరితే దండలు పట్టుకొని వీధి వీధంతా స్టేషనుకు కదిలేది. ఓడ, అల, తుఫాను, ఈ మాటలన్నీ అమ్మకు తిరిగొచ్చిన హాజీల నోటి నుంచి తెలిసినవే. దూదేకుకొని బతికే మా ఇంటి నుంచి మాత్రం ఎవరూ ఆ ఓడెక్కలేదు.

మేమెవరో ఇక్కడ చెప్పాలి. మేం దూదేకులవాళ్ళం. నూర్‌బాషాలు అంటారు, లద్దాఫ్ అంటారు, పింజారీ అంటారు. ప్రభుత్వం బీసీ-బి కింద రాసుకుంది. పేరేదైనా పని ఒకటే, పత్తి ఏకడం. ఆదోని చుట్టూ నల్లరేగడిలో పత్తి, ఊళ్ళో జిన్నింగు మిల్లులు. గింజ తీసిన దూదిని విల్లు నారితో కొట్టి కొట్టి పొంగించి, పరుపులకూ దిండ్లకూ కూరేవాళ్ళం. మిషన్లొచ్చినాయి, ఫోము పరుపులొచ్చినాయి, విల్లు అటకెక్కింది. మా ఇంట్లో మాట్లాడేది తెలుగు. అమ్మను అమ్మా అని, నాయనను నాయనా అని పిలుస్తాం. మొహర్రానికి పీర్లెత్తుతాం, రంజాన్‌కు నమాజుకు పోతాం. మా పేర్లు హుసేనప్ప, మౌలాలి, దస్తగిరి, ఫకీరమ్మ, మస్తానమ్మ. తెలుగోళ్ళకు మేం సాయిబులం. ఉర్దూ మాట్లాడే సాయిబులకు నమాజు సరిగా రాని దూదేకులోళ్ళం. ఈ రెండు మాటలూ చిన్నప్పటి నుంచీ అలవాటే. రెండూ ఒకే బస్సులో, ఒకే పూట వినాల్సి రావడం మాత్రం ఆ రోజే.

పొద్దున్నే బస్సు ముందు నిలబడి గైడు పేర్ల లిస్టు చదివినాడు. పాతికేళ్ళ పిల్లోడు, చలాకీగా ఉన్నాడు. నా పేరు దగ్గర ఒక్క క్షణం ఆగి, తలెత్తి చూసి, నవ్వుతూ హిందీలోకి మారిపోయినాడు. "ఆప్ లోగ్ ఆగే బైఠియే" అని అమ్మకు ముందు సీటు చూపించినాడు. మర్యాదగానే.

"ఆ పిల్లోడు ఏమంటాండాడ్రా?" అనింది అమ్మ.

"ముందర కూర్చోమంటాండాడు."

"ఆ మాట తెలుగులో చెప్తే కూర్చోమా?"

మేం ఆదోని నుంచి వచ్చినామని నేను తెలుగులో చెప్పినాను. అతను నిజంగానే సంతోషపడి "మీకు తెలుగు చాలా బాగా వచ్చండీ!" అన్నాడు. ఇది నాకు మొదటిసారి కాదు. ఆఫీసుల్లో, రైళ్ళలో, ట్రైనింగు క్లాసుల్లో ఎన్నోసార్లు విన్నాను. నేను తెలుగు పాఠం చెప్పి జీతం తీసుకునేవాణ్ణి. అయినా నా పేరు విన్నాక నా తెలుగు జనానికి వింతగానే వినిపిస్తుంది. తల్లిభాష మాట్లాడినందుకు సొంత రాష్ట్రంలో మెచ్చుకోలు పొందడం ఎట్లా ఉంటుందో మీలో ఎంతమందికి తెలుసు?

మా వెనక సీట్లో హైదరాబాదు నుంచి వచ్చిన ఒక ముస్లిం కుటుంబం ఉంది. ఆమె మా ఇంటామెను ఉర్దూలో పలకరించింది. మా ఇంటామెకు ఉర్దూ బజారు బేరాలకు సరిపోయేంతే వస్తుంది. రెండు మాటలకే తడబడి తెలుగులోకి దిగింది. ఆమె మా ఇంటామె చీరకట్టూ, మెడలో నల్లపూసలూ చూసి మెల్లగా అడిగింది, "ఆప్ లోగ్ ముసల్మాన్ హీ హైనా?" అని. అడగడంలో చెడ్డతనమేమీ లేదు. అడిగి బిస్కెట్ల పొట్లం చేతిలో పెట్టింది. "ఔనమ్మా, మేమూ తురకోళ్ళమే" అని మా ఇంటామె నవ్వింది. బస్సు ఇంకా కదలనే లేదు. అప్పటికే ఒకరి దగ్గర తెలుగుకూ, ఇంకొకరి దగ్గర దీనుకూ పరీక్ష రాసి పాసైనాం.

గైడు మైకు అందుకున్నాడు.

నాకు గైడ్లు కొత్త కాదు. మంత్రాలయం మాకు దగ్గరే. బడిపిల్లల్ని తీసుకొని చాలాసార్లు పోయినాను. రాఘవేంద్రస్వామికి మంచాల గ్రామాన్ని ఇచ్చినవాడు ఆదోని ఏలుతున్న సిద్దీ మసూద్‌ఖాన్ అని అక్కడ అందరూ చెప్పే కథే. ఆ కథలో ఖాన్ మొదట స్వామిని పరీక్షించడానికి గుడ్డ కప్పిన పళ్ళెంలో మాంసం పంపుతాడు. స్వామి నీళ్ళు చల్లితే అది పండ్లవుతుంది. ఖాన్ చేతులు జోడిస్తాడు. సరే, భక్తుల కథ, అట్లాగే ఉంటుంది. అదే మసూద్‌ఖాన్ కట్టించిన షాహీ జామియా మసీదు ఆదోనిలో ఉంది. నేను పిల్లల్ని తీసుకుపోయిన ఏ రోజూ అక్కడ కథ చెప్పే గైడు కనబడలేదు. ఇంక కోటలు చూపించే చోటికి పోతే, దండెత్తి వచ్చినోళ్ళు, కొల్లగొట్టినోళ్ళు, కూలగొట్టినోళ్ళు. గైడు కథల్లో మాకు ఈ రెండు వేషాలే. పరీక్ష పెట్టి ఓడిపోయేవాడొకడు, కత్తి పట్టుకొని వచ్చేవాడొకడు. పరుపు కుట్టినవాడు, జట్కా తోలినవాడు, మిల్లులో పత్తి బేళ్ళు మోసినవాడు ఏ కథలోనూ కనబడడు.

సముద్రం ఒడ్డున మూడో వేషం మా కోసం కాచుకొని ఉందని నాకప్పుడు తెలియదు.

మొదట రామకృష్ణా బీచి దగ్గర దింపినారు. అమ్మ చీర కుచ్చిళ్ళు పట్టుకొని నీళ్ళదాకా పోయింది. అల వచ్చి కాళ్ళకింద ఇసుకను లాక్కుపోతే నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. వంగి దోసిట్లో నీళ్ళు తీసుకొని నాలికకు తగిలించి ఉమ్మేసింది. "ఇన్ని నీళ్ళు పెట్టినోడు కొంచెం తియ్యగా పెట్టింటే ఏం పోయె!" అనింది. తుంగభద్ర దిగువ కాలువకు నీళ్ళొదిలేది ఎప్పుడా అని ఎదురుచూసి, బిందెలు వరసలో పెట్టి కొళాయి దగ్గర కొట్లాడి బతికిన మనిషి అంతకంటే ఏమంటుంది?

బీచి రోడ్డు పక్కనే కుర్సురా జలాంతర్గామి ఉంది. సోవియట్ యూనియన్‌లో తయారై 1969లో మన నౌకాదళంలో చేరింది. 2001లో పని చాలించింది. 2002లో దాన్ని ఒడ్డుకు లాగి మ్యూజియం చేసినారు. లోపల ఒక మనిషి పట్టే సందు, గోడలనిండా గొట్టాలు, చక్రాలు, మీటలు. పడకలు చూసి అమ్మ "ఈ పరుపులు ఎవురు కుట్టిండారో, దూది సరిగ్గా పరచలేదు" అనింది. మేం ముగ్గురం నవ్వుకున్నాం. ఆ రోజు మేం హాయిగా నవ్వింది అప్పుడే.

దానికి దగ్గర్లోనే 1971 యుద్ధ విజయానికి గుర్తుగా 1996లో కట్టిన స్మారకం ఉంది. అక్కడ గైడు గొంతు మార్చినాడు. ఘాజీ కథ మొదలుపెట్టినాడు. 1971 డిసెంబరు 3 అర్ధరాత్రి ప్రాంతంలో పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ ఈ రేవు బయట మునిగిపోయిన కథ. మన విమానవాహక నౌక విక్రాంత్‌ను వెతుక్కుంటూ అది బంగాళాఖాతానికి వచ్చింది. విక్రాంత్‌ను ముందే అండమాన్ల వైపు పంపించి, ఇక్కడే ఉన్నట్టు నమ్మించినారు. 2017లో సినిమా వచ్చినాక ఆ కథ తెలియనివాళ్ళు లేరు. గైడు సినిమా చూపించినట్టే చెప్పినాడు. "ఘాజీ" అన్నప్పుడల్లా గట్టిగా అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టినారు. నేనూ కొట్టినాను. మా నౌకాదళం గెలిస్తే నేనెందుకు కొట్టను?

చప్పట్లు ఆగినాక నా పక్కనున్నాయన నా భుజం తట్టినాడు. గుంటూరు వైపు ఉద్యోగస్తుడు. బస్సులో మాకు పులిహోర పెట్టినాడు, అమ్మకు నీళ్ళ సీసా ఇచ్చినాడు. "ఏం మాస్టారూ, మీవాళ్ళ సబ్‌మెరీనేగా!" అని నవ్వినాడు. ఇద్దరు ముగ్గురు తిరిగి చూసినారు. వెనక హైదరాబాదు ఆమె తన కొడుకు చెయ్యి పట్టుకొని పక్కకు నడిపించుకొని పోయింది. అతనికేమో పదేళ్ళుంటాయి.

నా నోరు పెగల్లేదు. అమ్మే మాట్లాడింది.

"మావోళ్ళా? మా ఊర్లో మునగనీకి నీళ్ళు యాడుండాయప్పా? బిందె మునగదు, ఓడ యాడ మునుగుతాది?"

అందరూ గొల్లుమన్నారు. ఆయనా నవ్వినాడు, "అమ్మగారు భలే అన్నారు" అని మెచ్చుకున్నాడు. అక్కడితో ఆ మాట తేలిపోయింది. వాళ్ళకు తేలిపోయింది.

నా దగ్గర జవాబులు లేక కాదు. 1965లో ఖేంకరన్ దగ్గర పాకిస్తాన్ ట్యాంకుల్ని పేల్చి ప్రాణమిచ్చి, పరమవీరచక్ర పొందిన అబ్దుల్ హమీద్ పేరు నాలిక చివరిదాకా వచ్చింది. మింగేసినాను. ఆ పేరు చెప్పగానే నేను టికెట్టు తీసి చెకింగువాడికి చూపించినట్టు ఔతుంది. బస్సులో అందరూ టికెట్టు కొన్నవాళ్ళే, చూపించమనేది నన్నొక్కణ్ణే. ఈయన్ను ఎవరూ "మీవాళ్ళేగా" అని అడగరు. ఈయన దేశంలో పుట్టినాడంటే చాలు, దేశం ఈయనది. నేను ప్రతి యుద్ధం తర్వాతా, ప్రతి క్రికెట్ మ్యాచి తర్వాతా, ప్రతి సినిమా తర్వాతా మళ్ళీ కొత్తగా పుట్టాల.

ఇంకో సంగతి ఉంది. ఆ జలాంతర్గామి అసలు అమెరికాది. 'డయాబ్లో' అని దాని పాతపేరు. అమెరికా దాన్ని పాకిస్తాన్‌కు అద్దెకిచ్చింది. ఐఎన్‌ఎస్ రాజ్‌పుత్ వేసిన బాంబులకు మునిగిందని మన నౌకాదళం అంటుంది. తాను తెచ్చిన మందుపాతరే తనకు తగిలిందని, లోపలే ఏదో పేలిందని వేరే వాదనలున్నాయి. ఎట్లా మునిగినా లోపలున్న ఒక్కడూ బతకలేదు. ఆ యుద్ధానికి మూలం తూర్పు బెంగాల్‌లో పాకిస్తాన్ సైన్యం చేసిన మారణకాండ. ఆ సైన్యం చేతుల్లో చచ్చినవాళ్ళలో బెంగాలీ హిందువులున్నారు, బెంగాలీ ముస్లింలూ ఉన్నారు. మరి ఆ యుద్ధంలో 'మావాళ్ళు' ఎవరు? చంపినవాళ్ళా, చచ్చినవాళ్ళా, గెలిచినవాళ్ళా? ఈ ప్రశ్న టూరు బస్సులో అడిగేది కాదు. అందుకే ఇక్కడ అడుగుతున్నాను.

తర్వాత కైలాసగిరి. పెద్ద శివపార్వతుల విగ్రహాలు, కింద వంపు తిరిగిన తీరం. ఎంత బాగుందో చెప్పలేను. కోపంలో ఉన్న మనిషికి కూడా సముద్రం బాగానే కనబడుతుంది. రుషికొండ దగ్గర భోజనాలకు ఆపినారు.

అక్కడ టీ తాగుతున్నప్పుడు గైడు నా పక్కకొచ్చి కూర్చున్నాడు. ఈసారి తెలుగులోనే మొదలుపెట్టినాడు. "ఇందాక ఆయన అన్నమాట మనసులో ఎట్టుకోకండి మాస్టారూ."

"నువ్వు ఘాజీ అని అంత గట్టిగా అనకుంటే ఆయనకు ఆ మాట తోచేది కాదు" అన్నాను.

కొంతసేపు మాట్లాడలేదు. తర్వాత అన్నాడు, "మాది జాలారోళ్ళ పేటండి. మా నాన్న వేటకెళ్తాడు. ఈ ఒడ్డంతా మా పేటలేనండి. బస్సులో ఏ రోజూ మా పేట పేరు చెప్పనండి. రాసిచ్చిన కాయితంలో లేదు. ఎండుచేపల వాసనొస్తే కిటికీలు మూసేస్తారు, నేనూ మూసేయమనే చెప్తాను."

నేను ఆ పిల్లోణ్ణి అప్పుడే సరిగా చూసినాను. రోజు కూలి లెక్కన మూడు భాషల్లో మాట్లాడే పిల్లోడు. సొంత ఇంటిముందు నుంచి రోజూ పోతూ, దాని పేరు చెప్పకుండా మిగతా అంతా చెప్తాడు. కాగితం రాసినవాడు ఎక్కడో ఉన్నాడు. సముద్రం మీద బతికే జాలారోళ్ళకే చోటులేని కాగితంలో పత్తి పొలాల నుంచి వచ్చిన దూదేకులోడికి చోటెట్లా ఉంటుంది?

తొట్లకొండకు పోయినాం. 1970లలో నౌకాదళం వాళ్ళు సర్వే చేస్తుంటే ఈ కొండ మీద బౌద్ధుల కట్టడాలున్నట్టు బయటపడింది. 1988 నుంచి 1993 దాకా తవ్వినారు. స్తూపాలు, భిక్షువుల గదుల వరసలు, భోజనశాల, శాతవాహనుల నాణేలు, వాటితోపాటు రోమను వెండి నాణేలు. రాతిలో తొలిచిన నీళ్ళ తొట్లున్నాయి కాబట్టి ఊరోళ్ళు తొట్లకొండ అన్నారు. అమ్మకు స్తూపాల కంటే తొట్లే నచ్చినాయి. "వానను పట్టుకొని పెట్టుకున్నారు సూడు, తెలివైనోళ్ళు" అనింది. అక్కడ గైడు చెప్పిన దాంట్లో శత్రువులెవరూ లేరు. సముద్రం మీద వర్తకులు వచ్చినారు, భిక్షువులు పోయినారు, మతం ఓడెక్కి దేశాలు దాటింది. వినడానికి ఎంత హాయిగా ఉందో!

ఎర్రమట్టి దిబ్బలు దాటి భీమిలి చేరేసరికి ఎండ తగ్గింది. భీమునిపట్నం 1861లోనే మున్సిపాలిటీ అయిన ఊరు. గోస్తనీ నది అక్కడే సముద్రంలో కలుస్తుంది. డచ్చివాళ్ళ సమాధులు చూపించినారు. 17వ శతాబ్దంలో వర్తకానికి వచ్చి, కొట్లు కట్టుకొని, ఇక్కడే చనిపోయినవాళ్ళు. రాళ్ళ మీద వాళ్ళ భాషలో అక్షరాలు. గైడు గొంతులో జాలి పలికింది, "ఎక్కడో పుట్టి మన మట్టిలో కలిసిపోయారు" అన్నాడు. అందరూ ఆ సమాధుల దగ్గర ఫోటోలు దిగినారు. గుంటూరాయన కూడా.

నేను ఆలోచించుకుంటూ నిలబడిపోయినాను. సముద్రం మీద వచ్చినవాడు, లాభం చూసుకొని పోయినవాడు, ఇక్కడ సమాధైతే వాడు వారసత్వం. ఎక్కడినుంచీ రాకుండా ఇక్కడే పుట్టి, ఇక్కడి పత్తి ఏకి, ఇక్కడి భాష మాట్లాడి, ఇక్కడి మట్టిలోనే కలిసే మేం మాత్రం ఎక్కడినుంచో వచ్చినవాళ్ళం. అప్పట్లో ఈ తీరం గోల్కొండ కుతుబ్‌షాహీల ఏలుబడిలో ఉండేదని గైడు చెప్పలేదు. కాగితంలో ఉండదు.

"డచ్చివాళ్ళు ఏం వ్యాపారం చేసినారు?" అని అడిగినాను.

"గుడ్డలండి. మన నేత గుడ్డలు కొని ఓడల్లో పంపేవారు."

గుడ్డ అనేసరికి నా చెవులు నిక్కినాయి. నేను పని చేసేది ఎమ్మిగనూరులో. 1938లో మాచాని సోమప్పగారు చేనేత సహకార సంఘం పెట్టిన ఊరు. మగ్గం చప్పుడు వింటూ పాఠం చెప్పినవాణ్ణి. గుడ్డ ఉందంటే నేసినవాడున్నాడు. నేతకు నూలు కావాల. నూలు వడకాలంటే ముందు దూది ఏకాల. మరలు రాకముందు విల్లు పట్టుకొని ఆ పని చేసిన కులాల్లో మాదొకటి. తెలుగు నేల మీద ఎన్నో మగ్గాలకు పోయే దూదికి ముందు ఒక దూదేకులోడి విల్లు తగిలేది. అట్లాంటప్పుడు ఈ రేవులో ఓడెక్కిన గుడ్డ మూటల్లో మా చేతి పనీ ఉండే ఉంటుంది. సముద్రం చూడని జాతి మాది అనుకుంటూ వచ్చినాను. మేం చూడకపోతేనేం, మా పని ఎప్పుడో సముద్రాలు దాటింది. ఆ మాట అమ్మకు చెప్పినాను. "మరి ఆ పిల్లోనికి చెప్పు, రేపట్నుంచి చెప్తాడు" అనింది.

చెప్పినాను. గైడు శ్రద్ధగా విన్నాడు. చెప్తాడో లేదో అతనిష్టం.

తిరుగు దారిలో అతను మైకు పక్కన పెట్టి మా సీటు దగ్గరికొచ్చినాడు. "మాస్టారూ, రాత్రికి టైముంటే వన్‌టౌన్‌కెళ్ళండి. హార్బరు పక్కన మూడు కొండలుంటాయి. ఒకదాని మీద వెంకటేశ్వరస్వామి గుడి, ఒకదాని మీద మరియమ్మ చర్చి, ఒకదాని మీద దర్గా. టూరులో లేదండి. మా అమ్మ మాత్రం నాన్న వేటకెళ్ళినప్పుడు దర్గాకి మొక్కుకుంటాది."

అట్లా టూరు ముగిసినాక మా టూరు మొదలైంది. ఆటో మాట్లాడుకొని పోయినాం. మెట్లెక్కడానికి అమ్మ చాలాచోట్ల ఆగింది. అది ఇస్‌హాఖ్ మదీనా దర్గా. పైన నిలబడితే రేవులోకి ఓడలు వచ్చే కాలువ, అవతల డాల్ఫిన్‌నోస్ కొండ, దీపాలు. బంగాళాఖాతం గాలీ నీరూ ఆ వలీ మాట వింటాయని నావికుల నమ్మకం. రేవులోకి వచ్చే ఓడలూ పోయే ఓడలూ ఆ దర్గా ఎదురుగా జెండాను మూడుసార్లు దించి ఎత్తేవని, ప్రయాణం క్షేమంగా ముగిస్తే హిందూ ఓడ యజమానులు వెండి పడవలు చేయించి మొక్కు చెల్లించేవాళ్ళని తెల్లదొరల కాలం నాటి జిల్లా పుస్తకాల్లో రాసి ఉంది. ఇది మేం కల్పించుకున్నది కాదు. మా మీద ప్రేమ ఉండి దొరలు రాసిందీ కాదు.

ఘాజీ మునిగిన నీళ్ళూ, ఓడలు జెండా దించిన నీళ్ళూ ఒకే రేవువి. ఒక కథ కోసం బస్సు ఆపుతారు, చప్పట్లు కొట్టిస్తారు. రెండో కథ కోసం ఆటో కట్టించుకొని మనమే చీకట్లో వెతుక్కుంటూ పోవాల. రెండు కథలూ నిజమే కదా! మొదటిదాన్ని తీసేయమని నేననను. నా దేశం గెలిచిన కథ అది. రెండోదాన్ని దాని పక్కన పెట్టకపోతే, మొదటిది విన్న ప్రతివాడూ నా భుజం తట్టి అదే మాట అడుగుతాడు. నేనైతే యాభై ఏళ్ళు దాటినవాణ్ణి, ఓర్చుకుంటాను. వెనక సీటు పిల్లోడి సంగతేంది? వాళ్ళమ్మ వాణ్ణి చెయ్యి పట్టి పక్కకు తీసుకుపోయింది. వాడు పెద్దై, ఎవరూ పట్టుకోకపోయినా తనంతట తానే పక్కకు పోవడం నేర్చుకుంటాడు. అట్లా నేర్చుకున్నవాళ్ళను మా వీధిలో చాలామందిని చూసినాను. నేనూ కొంత నేర్చుకున్నాను.

2020 జనవరిలో మా బడి పిల్లల్ని తీసుకొని మళ్ళీ అదే తీరానికి పోయినాం. ఈసారి బస్సు మాదే. ఎమ్మిగనూరులో దుప్పట్లు, చింతపండన్నం మూటలు సర్దుకొని బయల్దేరినాం. పిల్లల్లో మగ్గం పనివాళ్ళ బిడ్డలున్నారు, బోయలున్నారు, మాదిగలున్నారు, సుగ్గికి పోయే ఇండ్ల పిల్లలున్నారు. ముస్లిం పిల్లలు ఐదుగురు. యుద్ధ స్మారకం దగ్గర కథ నేనే చెప్పినాను. ఘాజీ సంగతి దాచకుండా చెప్పినాను, అది అమెరికా నుంచి వచ్చిందని చెప్పినాను, విక్రాంత్‌ను ఎట్లా కాపాడుకున్నామో చెప్పినాను, తూర్పు బెంగాల్ గురించి చెప్పినాను. అబ్దుల్ హమీద్ పేరు ఈసారి మింగలేదు. ఎవరూ రుజువు అడగనిచోట ఆ పేరు చెప్పడం ఎంత తేలికో! తర్వాత బస్సును వన్‌టౌన్‌కు పోనిమ్మని మూడు కొండలూ చూపించినాను. జాలారిపేట దగ్గర కిటికీలు తెరిచే పెట్టించినాను. పిల్లలు ముక్కులు మూసుకొని నవ్వినారు. మా ఊళ్ళో కాలువ నీళ్ళు కుళ్ళితే వాసన రాదా అని అడిగితే మళ్ళీ నవ్వినారు.

స్మారకం దగ్గర నేను ఘాజీ పేరెత్తినప్పుడు తొమ్మిదో తరగతి చదివే ఒక దూదేకుల పిల్ల వైపే చూస్తున్నాను. మిగతా పిల్లల్లో ఎవరూ ఆమె వైపు తిరగలేదు. ఆమె తల వంచుకోలేదు. ఒడిలో వేరుశనక్కాయలు ఒలుచుకుంటూ, పక్కపిల్లకు కొన్ని పెడుతూ, కథ పూర్తయ్యేదాకా వింది. చివర్లో చెయ్యెత్తి అడిగింది, "సార్, విక్రాంత్ ఇప్పుడు యాడుంది?"